వచ్చే ఏటి మేడ

వెనకటికొక రాజ్యంలో గురవప్ప అనే కుమ్మరి ఉండేవాడు. తాత నాటి ఆములోనే కుండలు కాల్చేవాడు, ఒక్కటీ కారేది కాదు. ఆ ఆము ఉన్న మెరక మీద ఆస్థాన పండితుడు విరూపాక్షశాస్త్రి కన్ను పడింది.

"మహారాజా, కాలంలో ముందుకు పోయి చూసొచ్చినదాన్ని ఎవరూ మార్చలేరు. మారిస్తే కాలమే చిక్కుపడుతుంది. ఇదీ నా సిద్ధాంతం. వచ్చే ఏటికి పోయి చూశాను, అక్కడ ఆము లేదు, నా మేడ ఉంది. కూల్చడానికి భటుల్ని పంపండి" అన్నాడు శాస్త్రి సభలో.

సభకు పిలిపించిన గురవప్ప తల వంచలేదు.

"శాస్త్రులుగారూ, నేను అడ్డం పడుకుంటే మేడ ఆగుతుందా?"

"ఆగదు."

"రాజుగారు వద్దంటే?"

"బ్రహ్మ వద్దన్నా ఆగదు."

"మరి భటులెందుకు మహాప్రభూ? నా కుండలు నేను కాల్చుకుంటాను. రావాల్సిన మేడ ఎలాగూ వస్తుంది."

రాజు నవ్వి, "శాస్త్రీ, నీ సిద్ధాంతాన్ని నమ్మాను. ఒక్క భటుణ్ణీ పంపను" అన్నాడు.

ఏడాది తిరిగాక రాజు వచ్చి చూస్తే మెరక మీద ఆము పొగలు కక్కుతోంది. గురవప్ప కొత్త కుండ ఒకటి తెచ్చి, ఖంగుమని మోగించి చూపించాడు.

"శాస్త్రులుగారి గృహప్రవేశానికి పాలు పొంగించే కుండ, మహాప్రభూ. ఆయన కనబడరేం? వచ్చే ఏటి నుంచి ఇంకా తిరిగి రాలేదా?"