లేదనుకున్న కెమెరా

తెలివంటే తూమువారిదే అని ఊళ్ళో ఎవర్నడిగినా చెప్పరు. తూమువారినడిగితే మాత్రం ఆపకుండా చెబుతారు. దొంగ వస్తే తాళం పగలగొడతాడని, కొత్త తాళాన్ని పెట్టెలో దాచి తలుపు బార్లా తెరిచి పడుకునే ఇల్లు మరి! ఆ తెలివికి పెద్దదిక్కు సన్యాసమ్మ.

ఆ ఇంటికి హిమజ అనే డైరెక్టరమ్మాయి వచ్చింది. ఆమె సినిమాల్లో కథుండదు, పాటుండదు, కెమెరా ఒకచోట నిలబెడితే ఇక కదలదు. ఏళ్ళ తరబడి తీస్తున్న సినిమాకి ఆఖరి దృశ్యం ఒక్కటే మిగిలింది. అరువు కెమెరా రేపు తెల్లారేసరికి తిరిగిచ్చెయ్యాలి. ఈ పొద్దు దాటితే సినిమా అటకెక్కినట్టే.

“పెద్దమ్మా, కెమెరా లేదనుకోండి, చాలు.”

అంతే. సన్యాసమ్మ నీళ్ళ బిందెతో నేరుగా కెమెరా మీదికి నడిచింది. బిందె ఒకవైపు, ఆమె ఒకవైపు. కెమెరాని హిమజ ఒడిసిపట్టింది.

“అయ్యో, పడ్డారా?”

“లేనిది తగిలి ఎలా పడతానమ్మా? పడలేదు,” అంది సన్యాసమ్మ నేలమీంచే, మోచెయ్యి ఊదుకుంటూ.

“పోనీ, నటించకండి. రోజూ ఈ వేళకి ఏం చేస్తారో అదే చెయ్యండి.”

ఇంకేముంది! ఇంటిల్లిపాదీ కొడవళ్ళు పట్టుకుని పొలానికి పోయారు. హిమజ గట్ల వెంట పరిగెత్తి, బతిమాలి వెనక్కి తెచ్చింది. “ఈ వేళకి మేం ఇంట్లో ఎప్పుడున్నాం గనక?” అని మరిది పైడయ్య ఆమెనే జాలిగా చూశాడు.

ఇక మనుషులొద్దు, ఖాళీ గదే తీస్తాననుకుంది. గదేమో చీకటి.

“బల్బులు నాకు పడవు బాబాయ్. ఎండే లోపలికి రావాలి,” అని ఆమె కిటికీ తెరవబోయేలోగా పైడయ్య ఇల్లెక్కి సగం పెంకులు దింపేశాడు.

లబోదిబోమనబోయిన హిమజ ఆగిపోయింది. గది నిండా బంగారం లాంటి ఎండ! “ఇదే... ఇన్నేళ్ళుగా వెతుకుతున్నది ఇదే!” అని కళ్ళు తుడుచుకుంది.

సన్యాసమ్మ మనసు కరిగిపోయింది. “ఇంతకీ ఖాళీ గదిలో ఏముంటుంది తల్లీ?”

“ఏమీ ఉండదు. చూసేవాళ్ళే ఆ ఖాళీని నింపుకోవాలి. అదీ నా పద్ధతి.” గుమ్మం బయట మూడు కాళ్ళ స్టాండు మీద కెమెరా పెట్టి ఆన్ చేసింది. “తీసేవాళ్ళు దగ్గరుండకూడదు. పొద్దుగూకాక వస్తా. మీరు ఇక్కడ కూర్చుని చూడండి.”

సన్యాసమ్మ కూర్చుని చూసింది. చూస్తున్నది తనే. అయితే నింపాల్సిందీ తనే!

“పైడయ్యా, పాపం ఆ పిల్ల సినిమా మన చేతిలో పెట్టి పోయింది. కానివ్వండి!”

ఇంకేముంది! ధాన్యం బస్తాలొచ్చాయి. గడ్డిమోపులొచ్చాయి. గేదె రానంటే తోసి తెచ్చారు. ఆఖరికి ఇంటిల్లిపాదీ దూరి ఇరుక్కున్నారు.

“వదినా, గుమ్మం పక్కన కాస్త ఖాళీ ఉండిపోయింది!”

సన్యాసమ్మ చెయ్యి చాపి బయట తడిమింది. మూడు కాళ్ళదేదో తగిలింది. లోపలికి లాగి గేదె కడుపుకి ఆనించింది. అతికినట్టు సరిపోయింది.

పొద్దు గూకింది. హిమజ వచ్చింది. “పెద్దమ్మా! నా కెమెరా ఏది?”

గడ్డి సందుల్లోంచి సన్యాసమ్మ గొంతు నిబ్బరంగా వచ్చింది.

“ఏ కెమెరా తల్లీ? లేదనుకోమంది నువ్వే కదా!”