సొంతింటికి తాళం

అనకాపల్లిలో సన్యాసిరావు అనే రంగుల మేస్త్రి ఉండేవాడు. గోడకు రంగు వెయ్యడంలో ఎంత నేర్పరో, ఇబ్బంది వస్తే ముఖం చాటెయ్యడంలోనూ అంతే నేర్పరి.

బ్యాంకులో అప్పు తీసుకుని రెండు గదుల ఇల్లు కట్టుకున్నాడు. చిలకపచ్చ రంగు తనే వేసుకున్నాడు. ఊళ్లో ఎన్ని మేడలకు రంగులేసినా, సాయంత్రం ఆ చిలకపచ్చ గోడ కనబడితేనే అతని ప్రాణం కుదుటపడేది. వాయిదా ఏనాడూ తప్పేవాడు కాదు. అలాంటివాడు ఆ వానాకాలం పరంజా మీంచి జారిపడి కుడిచెయ్యి విరగ్గొట్టుకున్నాడు. పని ఆగింది. వాయిదాలూ ఆగాయి.

బ్యాంకు నుంచి ఫోను వస్తే దాన్ని బియ్యం డబ్బాలో పడేసేవాడు. ఇక మనుషులు వస్తారని భయపడి, వీధి తలుపుకు బయట తాళం వేసి, పెరటి గుమ్మంలోంచి లోపలికి వచ్చేవాడు. ఎవరైనా తలుపు తడితే ఆలుమగలిద్దరూ ఊపిరి బిగబట్టి కూర్చునేవారు. ఒకసారి కుక్కరు కూత పెట్టబోతే, పాపం, పరుగెత్తి పొయ్యి ఆర్పేశాడు.

"ఎన్నాళ్లిలాగ మావా? మనింట్లో మనమే దొంగల్లాగ!" అనేది భార్య పైడమ్మ.

"పరువు పోద్దే! సెయ్యి బాగయ్యాక నానే ఎల్తాను," అనేవాడు.

ఒకనాడు పెరటి దారిన వీధిలోకి వచ్చి చూస్తే, తలుపుకు కాగితం అంటించి ఉంది. ఇంటివాళ్లు ఊరు వదిలిపోయినట్టున్నారని, బకాయి కట్టకపోతే ఇల్లు స్వాధీనం చేసుకుని వేలం వేస్తామని దాని సారాంశం. సన్యాసిరావు అరుగు మీద కూలబడ్డాడు. పైడమ్మ అతని ఎడమచెయ్యి పట్టుకుని బ్యాంకుకు నడిపించింది.

మేనేజరు సుభాషిణి అతని చేతికట్టు చూసి లేచి నిలబడింది.

"అయ్యో, ఇదేంటి మేస్త్రీగారూ? మీ ఇంటికి ఎన్నిసార్లు వచ్చానో! ఎప్పుడూ తాళమే. వెళ్లిపోయారనుకున్నాం."

"లోపలే ఉన్నానమ్మా," అన్నాడు తలవంచుకుని.

ఆవిడకు నవ్వూ కోపమూ ఒక్కసారే వచ్చాయి.

"మాకు కావాల్సింది మీ ఇల్లు కాదండీ, మీ వాయిదా. డాక్టరు కాగితాలు తెండి. చెయ్యి అతికేదాకా వాయిదా తగ్గించి, గడువు పెంచమని పై ఆఫీసుకు రాస్తాను. వడ్డీ కొంత పెరుగుతుంది, ఆ మాట దాచను. కానీ ఇల్లు నిలుస్తుంది. ఇది చెబుదామనే కదా అన్నిసార్లు వచ్చాను!"

సన్యాసిరావుకు ఏడుపు ఆగలేదు.

పై ఆఫీసు ఒప్పుకుంది. వేలం ఆగింది. చెయ్యి బాగయ్యాక అతను మొదటి రంగు తన వీధి తలుపుకే వేశాడు. పైడమ్మ ఆ తాళం తీసుకెళ్లి కోళ్లగూటికి వేసింది.

"బ్యాంకోలు ఎయ్యకముందే మనింటికి నువ్వే తాళమేసీసినావు మావా!" అని ఇప్పటికీ దెప్పుతూ ఉంటుంది. అతనూ నవ్వేస్తాడు.

నీతి: అడగనిదే అమ్మయినా పెట్టదు; కష్టకాలంలో అప్పిచ్చినవారికి ముఖం చాటెయ్యక, ఎదురెళ్లి చెప్పుకున్నవాడికే దారి దొరుకుతుంది.