ఒక్కటే గొడుగు

అనగనగా, రాజుకు కిరీటం కన్నా గొడుగే గొప్పని జనం నమ్మే కాలంలో, ఉత్తుంగపురం అనే మహారాజ్యం ఉండేది. దాని రాజు ప్రచండవర్మ. ఆయనకు వేల ఏనుగులు, లక్షల గుర్రాలు, వాటన్నిటినీ మించిన మీసాలు.

వెనకటికి అల్పుడికి ఐశ్వర్యం వస్తే అర్ధరాత్రి గొడుగు పట్టమన్నాడట. ప్రచండవర్మ అల్పుడేమీ కాడు, తాతల నాటి నుంచీ ఉన్నవాడే. గొడుగు పిచ్చి మాత్రం ఆ అల్పుడికి నాలుగింతలు. తెల్లని పట్టుతో, ముత్యాల కుచ్చులతో, పెళ్లిపందిరంత గొడుగు చేయించాడు. దాని కర్ర పట్టుకోవడానికే పన్నెండు మంది కావాలి. చేయించినవాడు ఊరుకున్నాడా? చుట్టుపక్కల చిన్న రాజ్యాలన్నిటికీ ఆజ్ఞ పంపాడు.

“ఇకపై లోకానికి ఒక్కటే గొడుగు. అది మాది. మీ రాజుల గొడుగులూ, మీ జనం గొడుగులూ ముడిచి మా కోటకు పంపండి. మా గొడుగు నీడలో ఉన్నవారికి ఎండ తగలదు, వాన తడపదు.”

పెద్దలు దీన్నే ఏకచ్ఛత్రాధిపత్యం అంటారు. నోరు తిరగకపోతే ఒక్క గొడుగు పెత్తనం అనుకోండి, చాలు.

ఆజ్ఞ మొదట మిరియాలకొండకు చేరింది. అక్కడి రాజు రణభీముడికి ముక్కు మీద కోపం. “నా గొడుగు ముడవమనడానికి వాడెవడు?” అని కత్తి దూసి బయలుదేరాడు. పొద్దున మొదలైన యుద్ధం అన్నం వేళకే ముగిసింది. పాపం, ఆయన గొడుగు ఏనుగు కాళ్ల కింద అప్పడంలా నలిగింది. జనం గొడుగులన్నీ కోట కొట్లోకి చేరాయి.

తరువాత గవ్వలదీవి. అక్కడి రాజు మృదుపాణి మహా లౌక్యుడు. అందరి గొడుగులూ తనే బండికెత్తించి తెచ్చి, “మహారాజా, తమ గొడుగు పట్టే భాగ్యం నాకు దయచేయండి” అన్నాడు. దయచేశారు. పదమూడోవాడిగా కర్ర పట్టుకున్నాడు. గొడుగు పట్టేవాడికి నీడ దక్కదని మొదటి మధ్యాహ్నమే ఆయనకు తెలిసొచ్చింది.

మూడోది తాటిపాడు. తాటిచెట్లు, ఇసుక, గాలి తప్ప ఏమీ లేని రాజ్యం. సైన్యం అంటే నలుగురు కాపలావాళ్లు, అందులో ఒకడికి చెవుడు. అయితే అక్కడ ఇంటింటా తాటాకు గొడుగులు అల్లుతారు. ఆ గొడుగులే వాళ్ల కూడూ గుడ్డా. అవి పోతే రాజ్యం పోయినట్టే. రాణి పోలాంబ ముసలావిడ. ఆవిడా రోజుకో గొడుగు అల్లేది.

జనం ఆవిడ వాకిట్లో చేరి గొల్లుమన్నారు. “తిరగబడితే మిరియాలకొండ గతి. బతిమాలితే గవ్వలదీవి గతి. ఏం చేద్దాం తల్లీ?”

“మనకొచ్చిన పనే చేద్దాం” అని ఆవిడ చంకలో గొడుగు పెట్టుకుని ఉత్తుంగపురం వెళ్లింది.

సభ నిండా పరదేశాల రాయబారులు. పోలాంబ నమస్కరించి అంది:

“మహారాజా, మీ గొడుగు కిందికి రావడం మాకు సమ్మతమే. కానీ మా ఊళ్లో ఒక ఆచారం ఉంది. వానలో చూడనిదే మేం గొడుగు పుచ్చుకోం. ఇచ్చేవాడూ పుచ్చుకునేవాడూ తొలకరి వానలో దాని కింద కలిసి నిలబడాలి.”

“నిలబడితే?” మీసం దువ్వుతూ అడిగాడు రాజు.

“తడవకపోతే మా గొడుగులన్నీ మీవి. తడిస్తే ఎవరి గొడుగులు వాళ్లవి, అన్ని రాజ్యాలకూనూ. వాన తడపదని తమరే రాశారు కదా, తమకేం భయం?”

మంత్రి రాజు చెవిలో “ప్రభూ, అది పట్టు...” అని గొణిగాడు.

“నోర్ముయ్!” అన్నాడు రాజు. రాయబారుల ముందు తన మాట మీద తనకే నమ్మకం లేదంటే పరువేం కాను? “అలాగే కానియ్యి” అన్నాడు.

మృగశిర కార్తె వచ్చింది. కోట ముందు మైదానంలో మహా గొడుగు లేచింది. పోలాంబ తాటిపాడునంతా తీసుకొచ్చింది. మిరియాలకొండనూ గవ్వలదీవినీ కూడా పిలిచింది. ఉత్తుంగపురం ప్రజలు పిలవకుండానే వచ్చారు. పాపం, వాళ్ల గొడుగులూ ఎప్పుడో కోట కొట్లోకి చేరాయి మరి.

మొదట చిరుజల్లు పడింది. ముత్యాలు తళతళలాడాయి. “చూశారా!” అని నవ్వాడు ప్రచండవర్మ.

తరువాత గాలి లేచింది. పెద్ద గొడుగుకు పెద్ద గాలి. పదమూడు మందీ ఇటు నాలుగడుగులు, అటు నాలుగడుగులు ఊగారు. మృదుపాణి కాళ్లు నేల వదిలేశాయి. “అమ్మో, నేను పోతున్నా!” అని ఆయన కేక.

ఆపైన కుండపోత. పట్టు నాని నాని నడుమకు జారి, బొజ్జలా వేలాడింది. ఆ బొజ్జ కింద నిలబడ్డది ఎవరు? ఇంకెవరు, ప్రచండవర్మే! పట్టు పర్రుమంది. మడుగెడు నీళ్లు ఆయన నెత్తిన దభాలున పడ్డాయి. మీసాలు గడ్డం దాకా జారాయి. ఆయన మూడుసార్లు తుమ్మాడు.

“చిరంజీవ! చిరంజీవ! చిరంజీవ!” అన్నారు జనం, అని పకపకా నవ్వేశారు.

అంతలోనే అందరూ బెదురుగా ఏనుగుల వైపు చూశారు. ఆయన కన్నెర్ర చేస్తే చాలు, ఏనుగులు కదులుతాయి. తాటిపాడు మట్టిలో కలుస్తుంది.

పోలాంబ ముందుకు నడిచి తన తాటాకు గొడుగు విప్పింది. “రా నాయనా, జలుబు చేస్తుంది” అంది.

అమ్మ పోయాక ఆయన్ను నాయనా అన్నవాళ్లు లేరు. అది చిన్న గొడుగు. పట్టిన మనిషి పొట్టి. దాని కిందికి రావాలంటే ఆయన తల వంచాలి. వంచాడు.

కాసేపు పైకి చూస్తూ నిలబడ్డాడు. “అవ్వా, ఇది కారడం లేదే!”

“కారితే మేం అమ్మం నాయనా.”

ఎవరూ ఎన్నడూ విననంత గట్టిగా నవ్వాడు ప్రచండవర్మ. “కొట్టు తలుపులు తెరవండి! ఎవరి గొడుగులు వాళ్లకిచ్చెయ్యండి!” అన్నాడు. మైదానమంతా టపటపా గొడుగులు విచ్చుకున్నాయి. రణభీముడికి గొడుగు లేదు కనుక ఆయన్ను మృదుపాణి తన గొడుగులోకి పిలిచాడు. పిల్లలు నీళ్లలో గంతులేశారు. చెవిటి కాపలావాడు డప్పు కొట్టాడు.

“నాకూ ఒకటి అల్లిపెడతావా అవ్వా?” అని అడిగాడు రాజు.

“అల్లుతాను. ముందు మీ ఊరివాళ్లు అడిగారు, వాళ్ల తరువాత” అంది పోలాంబ.

కాబట్టి పిల్లలూ, బలవంతుడి గొడుగు ఎంత పెద్దదైనా ఎవరి గొడుగు వారి చేతిలో ఉండాలి, పక్కవాడు తడుస్తుంటే అందులో చోటిచ్చే మనసూ ఉండాలి.