గవ్వలరేవు చేదుతల్లి: తిన్నవారికే దర్శనం

విశాఖ తీరాన సరుగుడు తోటలు దాటి, ఇసుకబాటన అరకోసు నడిస్తే గవ్వలరేవు చేదుతల్లి గుడి వస్తుంది. గర్భగుడిలో అమ్మవారి పక్కనే మూతి విరిగిన ఆకుపచ్చ గాజుసీసా ఒకటి ఉంటుంది. దానికీ రోజూ పసుపు రాసి బొట్టు పెడతారు. కొత్తగా వచ్చినవారు ఆ సీసాను చూసి ముక్కున వేలేసుకుంటారు గానీ, అసలు వింత వాకిట్లోనే ఉంది. ఉపవాసముండి వచ్చామని చెప్పినవారిని ఇక్కడ లోపలికి రానివ్వరు. ఎంతటివారైనా సరే, కొబ్బరికాయ పక్కనబెట్టి ముందు అన్నాలపాకకు నడవవలసిందే.

పూర్వం ఇక్కడ అమ్మవారి పేరు రేవు పోలమ్మ. సూరాడ ఎల్లాజీ అనే ఆయన అమ్మకు దాసుడిగా పూజలు చేసేవాడు. ఆయన భార్య కాసులమ్మ. ఒక కార్తీకంలో పెద్ద తుఫాను వచ్చి, ఇటలీ దేశపు ఓడ ఒకటి రేవుకు ఎదురుగా పగిలిపోయింది. మర్నాడు వలలు ఏమైనా మిగిలాయేమోనని వెళ్ళిన కాసులమ్మకు, ఒక కర్రపెట్టెను కరుచుకుని పడివున్న తెల్లమనిషి కనిపించాడు. కొన ఊపిరితో ఉన్నాడు. ఆమె సొంత తమ్ముణ్ణి అంతకు రెండేళ్ళ ముందే సముద్రం మింగింది. అందుకేనేమో, ఎవరు, ఏ ఊరు అని అడగలేదు. "తిన్నావేటి తమ్ముడూ?" అని అడిగింది.

అతని పేరు బెప్పె. రెండు రోజుల్లో బెప్పన్న అయ్యాడు. నోరు తిరగని పేరును మనకు వీలుగా తిప్పుకోవడం మనకేమైనా కొత్తా! పరదేశిని ఊళ్ళో ఉంచుకోవద్దని కులపెద్ద తెడ్డు పరసయ్య అన్నప్పుడు, వాడి పూచీ నాదేనని కాసులమ్మ పదిమందిలో మాట ఇచ్చింది.

కర్రపెట్టె నిండా నల్లటి ద్రవం ఉన్న ఆకుపచ్చ గాజుసీసాలు. తొలి రెండు రోజులూ బెప్పన్న గంజి తాగాక, కొబ్బరిచిప్పలో అడుగుకు అంటీ అంటనంత పోసుకుని, కళ్ళు మూసుకుని చాలాసేపు చప్పరిస్తూ కూర్చునేవాడు. కాసులమ్మ చూసి నవ్వుకునేది. సముద్రం ఒడ్డున పడేసినది ఏదైనా అమ్మ సొత్తు అన్నది ఊరి కట్టు. మూడోనాడు పెట్టె గుడికి చేరింది. వాసన చూసిన పెద్దలు ఇది దొరల సారా అని తేల్చి, తుఫాను శాంతి జాతరలో అమ్మకు ఇదే పోయాలని నిర్ణయించారు.

ఆ జాతరకు ఒక పద్ధతి ఉండేది. దాసుడు, ఆయన ఇల్లాలు రెండు రోజులు పచ్చి మంచినీళ్ళు తప్ప ముట్టరు. మూడోనాడు మిట్టమధ్యాహ్నం, అమ్మకు కుంభం, అంటే నైవేద్యపు అన్నపురాశి, పెట్టబోయే ముందు, అమ్మ వాటా సారాను దాసుడు చెంబెడూ ఒక్క గుక్కలో తాగాలి. సారా తాగేవాడు రుచి చూస్తాడా? ఊపిరి బిగబట్టి గొంతులో ఒంపుకోవడమే. ఎల్లాజీ చెంబు ఎత్తాడు. అంతే, బెప్పన్న జనాన్ని తోసుకుంటూ వచ్చి ఆ చెయ్యి పట్టుకున్నాడు. వద్దు వద్దని తల ఊపాడు, పొట్ట తట్టి చూపించాడు. అమ్మ సొమ్ముకు ఏడుస్తున్నాడని నలుగురూ అతన్ని అవతలికి ఈడ్చారు. ఎల్లాజీ చెంబు ఖాళీ చేశాడు. ఆయన ముఖం వంకరపోయింది. "చేదు... చేదు..." అంటూ నిలువునా కూలిపోయాడు. డప్పులు ఆగిపోయాయి.

విషమని ముందే తెలియకపోతే వీడెందుకు అడ్డుపడతాడని పరసయ్య అడిగాడు. పొద్దు వాలేలోగా రాయి కట్టి, వచ్చిన దారినే సముద్రానికి పంపించాలని తీర్పు అయింది.

కాసులమ్మ ఇద్దరి మధ్యా నిలబడింది. ఇటు ఉలుకూ పలుకూ లేని మొగుడు, అటు తాను పూచీపడిన మనిషి. పాముకు పాలు పోశానా అన్న అనుమానం ఆమెకూ వచ్చింది. రాలేదంటే అబద్ధం. తాళ్ళు కడుతున్న చోటికి వెళ్ళి అతని ముఖంలోకి చూసింది. అతను కుంభం వైపు చూపించాడు, పొట్ట చూపించాడు, తర్వాత సీసా చూపించాడు. అప్పుడు ఆమెకు గంజి, చిప్ప, ఆ చప్పరింపు గుర్తొచ్చాయి. ఇతను తినకుండా దీన్ని ఏనాడూ ముట్టలేదు.

అదే మాట చెబితే, వాళ్ళ దేశపువాళ్ళకు విషం పడుతుందేమోనని పరసయ్య కొట్టిపారేశాడు. కాసులమ్మ తిన్నగా వెళ్ళి, అమ్మ ఇంకా ముట్టని కుంభంలో చెయ్యి పెట్టింది. అమ్మకంటే ముందు, ఉపవాసంలో ఉన్న దాసుడి పెళ్ళాం, ఆ అన్నం తీసి నోట్లో పెట్టుకుంది! ముసలమ్మలు కళ్ళు మూసుకున్నారు.

"ఏటి సేత్తన్నావే కాసులమ్మా? అమ్మ తినకుండా నువ్వు తింతావా?" అన్నాడు పరసయ్య.

"నాను సస్తే వాణ్ణి సంపండి. బతికితే ఇప్పండి," అంది.

కడుపునిండా తిని, చిప్పలో అడుగుకు అంటీ అంటనంత పోసుకుని, బెప్పన్న చప్పరించినట్టే చప్పరించింది. మొదట నేలవేము నమిలినట్టు చేదు. చెవులు వేడెక్కాయి, కళ్ళ నీళ్ళు తిరిగాయి. మింగకుండా నాలుక మీద నిలిపింది. కాసేపటికి ఆ చేదు వెనక నుంచి నారింజ తొక్క వాసన, ఆ వెనక సన్నగా తీపి వచ్చాయి. కడుపు తేలికపడింది. ఆ సంగతి ఎవరికి చెప్పాలి? పది బారల దూరంలోకి ఒక్కరూ రాలేదు. అమ్మ ఇప్పుడో ఇంకాసేపటికో కొట్టక మానదని అందరూ చూస్తున్నారు.

పొద్దు వాలబోతుండగా ఎల్లాజీ భళ్ళున కక్కి కళ్ళు తెరిచాడు. కలలో అమ్మ కనబడి చెంప పగలగొట్టిందని చెప్పాడు. "పిల్లలు పస్తులుంటే తల్లికేటి సుకంరా? తినొచ్చి నన్ను సూడండి, అంది," అన్నాడు. తరతరాల ఉపవాసాలు అమ్మకు ఇష్టం లేనివా! పరసయ్య బెప్పన్న తాళ్ళు తన చేత్తోనే విప్పాడు. తర్వాత కాసులమ్మ ముందు ఇసుకలో చతికిలబడి, కుంభంలో ముద్ద తనకూ పెట్టమని చెయ్యి చాపాడు.

బెప్పన్న ఇక్కడే ఉండిపోయాడు. వాళ్ళ దేశంలో దీన్ని అమారో అంటారని, విందు ముగిశాక కాస్త కాస్త చప్పరిస్తారని, మన మాట వచ్చాక చెప్పాడు. సీసాలు అయిపోతే నేలవేము, నారింజ తొక్క, శొంఠి, ఏలకులు సారాలో నలభై రోజులు నానబెట్టి, వడకట్టి, తాటిబెల్లం కలపడం నేర్పాడు. నేటికీ తీర్థం అదే, అమ్మ పేరూ అందుకే చేదుతల్లి. భోజనమయ్యాక చెంచాడు ఇస్తారు. నాలుక మీద నిలిపి, తీపి తగిలాకే మింగాలి. ఫోన్లో ఫోటో తీసుకుంటూ గుటుక్కున మింగేసి ఛీ చేదు అనేవాళ్ళను చూస్తే ఒళ్ళు మండుతుంది. తీపి దాకా ఆగలేనివారు ఇంత దూరం రావడం దేనికి? పిల్లలకూ, పడనివారికీ బెల్లంలో ఊరిన నారింజ తొక్క ముక్క పెడతారు. నిదానంగా పుచ్చుకున్నవారికి అజీర్తి, తొందరపాటు రెండూ తగ్గుతాయని నమ్మకం.

వాకిట్లో కాసులమ్మ వంశపు ఆడపడుచు కూర్చుని, వచ్చిన ప్రతివారినీ తిన్నావేటి అని అడుగుతుంది. ఇక్కడ అమ్మకు నైవేద్యం అందరికన్నా చివర. సాయంత్రం ఆఖరి భక్తుడు చెయ్యి కడుక్కున్నాక, ఆవిడ మిగిలిన కుంభం తెచ్చి అమ్మ ముందు పెట్టి, పక్కన చిప్పెడు చేదు ఉంచి అడుగుతుంది.

"అందరూ తిన్నారు. నువ్వు తిన్నావేటి తల్లీ?"