నీళ్ళ సీనులో గవరయ్య మాట

తెర మీది బొమ్మలకి ఇంకా రంగులు రాని రోజుల్లో గవరయ్య అని ఒక కెమెరా ఆయన ఉండేవాడట. లైట్లు మోసి మోసి, కెమెరా పెట్టెలు మోసి మోసి, ఆఖరికి కెమెరాలో కన్ను పెట్టేదాకా వచ్చాడట.

ఆ లోకంలో ఒక కట్టుబాటు ఉంది. కెమెరా తిరుగుతుంటే ఎవరూ మాట్లాడకూడదు. ఎవరూ కదలకూడదు. "కట్" అనే మాట డైరెక్టరు గారిదే. ఇంకొకరు అన్నారో, పని పోయినట్టే.

ఒకసారి ఏట్లో సీను పెట్టారు. హీరోయిను కొట్టుకుపోవాలి. ఆవిడ దిగుతుందా? ఆవిడ బదులు దిగడానికి నూకాలు అనే పిల్లని తెచ్చారు. పేదింటి కోడలు. కొంగు నడుముకి బిగించుకుంటూ అంది:

"బాబాయ్, నా మొహం ఎలాగూ పడనివ్వవు. వీపైనా బాగా తియ్యి. మా ఆయన వీపు చూసే గుర్తుపడతాడు."

"దిగవే తల్లీ, నవ్వించకు. కెమెరా కదిలిపోద్ది" అన్నాడు గవరయ్య.

నూకాలు దిగింది. కెమెరా తిరిగింది.

నీళ్ళలోంచి నూకాలు చెయ్యి ఒకసారి లేచింది. "భేష్!" అన్నాడు డైరెక్టరు.

రెండోసారి లేచింది. గవరయ్య కెమెరాలోంచి దగ్గరగా చూస్తున్నాడు గదా, అది నటన కాదని తెలిసిపోయింది. మాట నాలిక దాకా వచ్చింది. తనది కాని మాట. మింగేశాడు.

మూడోసారి లేచింది. "కట్! కట్!" అని అరిచేశాడు.

ఒడ్డు మీద ఒక్కడూ కదల్లేదు. ఈత వచ్చినవాళ్ళు కూడా డైరెక్టరు మొహం వంక చూశారు.

"కట్ అన్నదెవడ్రా?" అన్నాడు డైరెక్టరు.

ఆ తేల్చుకోవడంలో చెయ్యి మునిగిపోయింది. గవరయ్యే దూకాడు. శవాన్ని తెచ్చాడు.

ఆ సీను సినిమాలో ఉంచేశారు. హాలు హాలంతా చప్పట్లు కొట్టిందట.

అప్పట్నుంచి గవరయ్య ఏ కంపెనీకి వెళ్ళినా ఒకటే అడిగేవాడు. "నీళ్ళ సీనులో కట్ అనే మాట అందరికీ ఇవ్వండి బాబూ." మొదటి కంపెనీ నవ్వింది. రెండో కంపెనీ బయటికి పొమ్మంది. తిరిగి తిరిగి, ముసలివాడై, టీవీ సీరియళ్ళ దగ్గర చేరాడు. అక్కడా అదే అడిగాడు.

"సరేలే తాతా, నీ చాదస్తం" అన్నారు.

అలా కొన్నేళ్ళు తీసి, ఒకనాడు కెమెరా పక్కనే కూలబడి పోయాడు. పాడె మోయడానికి నలుగురు దొరకడం కష్టమైందట.

ఆయన పోయాక ఒక కాలవలో సీను. నటుడు మునిగి తేలుతున్నాడు. భలే చేస్తున్నాడనుకున్నారు అందరూ. టీలు ఇచ్చే ముసలమ్మకి ఎందుకో అనుమానం వచ్చింది. "కట్!" అని కేకేసింది. పదిమంది ఒక్కసారే దూకారు. మనిషి బతికాడు.

ఇప్పటికీ షూటింగులు చేసేవాళ్ళు, మనిషిని నీళ్ళలోకి దించేముందు, అందులో పసుపూ కుంకుమా వేసి, "గవరయ్య మాట అందరిదీ" అని పైకి అంటారట. ఆ తర్వాత ఎవరు కట్ అన్నా దూకడమే. ఒక్కోసారి ఎవరో భయపడి ఉత్తినే అరుస్తారు. సీను పాడవుతుంది. తడిబట్టలు పిండుకుని మళ్ళీ మొదలుపెడతారు. అరిచినవాళ్ళని ఒక్క మాటా అనరు.