ఊ కొట్టని కొలువు

నీడలు సైతం నీడ వెతుక్కునేంత ఎండ కాసే ఒకానొక రాజ్యాన్ని ప్రచండగండడనే రాజు ఏలుతుండేవాడు. ఆయన కొలువులో బొప్పన అనే చమత్కారి ఉండేవాడు. అతడి మాటకు రాతిస్తంభాలు కూడా పగలబడి నవ్వేవి! ఇంటికి వెళితే మాత్రం ఊ కొట్టే దిక్కు లేదు. భార్య పోయి చాలా కాలమైంది.

అందుకే తెల్లవారగానే రాజుగారి చెరకుతోట బావి దగ్గర చేరి ఏతం పాట వినేవాడు. ఏతం మాను మీద అటూ ఇటూ నడుస్తూ నీళ్ళు తోడే అప్పలకొండ పాట ఎత్తుకుంటే, కింద నీళ్ళబాన వంచే అతడి బావమరిది అందుకునేవాడు.

ఒకనాడు రాజు మేడ మీంచి చూసి మండిపడ్డాడు.

"నోటికి పోయే ఊపిరి కాళ్ళకు పోతే నీళ్ళు రెట్టింపు కావూ? బావి దగ్గర ఇక ఎవడూ నోరు మెదపరాదు!" అని, రోజూ నీళ్ళు అక్కడిదాకా రావాలంటూ నీళ్ళతొట్టిలో బాగా పైన సున్నంతో గీత గీయించాడు.

పాట ఆగింది. ఏతం కిర్రుమనడమే మిగిలింది. బావమరిది పక్కనే ఉన్నా అప్పలకొండకు ఎడారిలో ఉన్నట్టే ఉంది. గీత మాట అటుంచి, నీళ్ళు పాత మట్టానికి కూడా రాలేదు.

"రేపు సాయంత్రానికి గీత అందకపోతే ఊరొదిలి పొమ్మన్నారు బాబయ్యా," గుసగుసగా అన్నాడు అప్పలకొండ. "కాళ్ళు బాగానే ఉన్నాయి. పొద్దే కదలట్లేదు."

"నీ పొద్దు నేను కదిలిస్తాలేరా," అన్నాడు బొప్పన. పాట లేక అతడికీ పొద్దు కదలడం లేదు మరి.

మర్నాడు కొలువులో రాజు తన పులివేట కథకు గొంతు సవరించుకున్నాడు. తొలిసారి చెప్పినప్పుడు దూడంత ఉన్న ఆ పులి, ఈపాటికి పట్టపుటేనుగును మించిపోయింది.

"ప్రభూ," లేచాడు బొప్పన. "మేం ఊ అనీ, ఆహా అనీ తమ కథకు అడ్డుపడుతున్నాం. బావి దగ్గరి ఆజ్ఞ ఇక్కడా వేస్తే కథ రెట్టింపు సాగదూ?"

"భేష్! ఎవడూ కిక్కురుమనకూడదు!"

రాజు మొదలెట్టాడు. "కారడవి. ఎదురుగా పులి..."

రెప్ప వాలితే వినబడేంత నిశ్శబ్దం.

"కొండంత పులి..."

అంత నిండు కొలువులో రాజు ఒంటరివాడైపోయాడు. కిరీటం కింది నుంచి చెమట కాలువ కట్టింది.

"ఆ పులి... అదీ... ఊ అనవేమయ్యా బొప్పనా!"

"అప్పుడే అలిసిపోయారా ప్రభూ? నీడపట్టున, పట్టుపరుపు మీద కూర్చుని, చచ్చిన పులిని మళ్ళీ చంపడానికే తమకు తోడు కావలసివచ్చింది. అప్పలకొండ పొద్దస్తమానం మండుటెండలో ఏతం తొక్కుతున్నాడు."

రాజు ఒక్క క్షణం బిగుసుకుపోయి, అంతలోనే పకపకా నవ్వాడు. ఆజ్ఞకు భయపడి ఇంకెవరూ నవ్వలేదు. ఆ నవ్వు స్తంభాల మధ్య ఒంటరిగా తిరిగి ఆయన దగ్గరికే వచ్చింది.

"నవ్వండయ్యా! ఆ ఆజ్ఞ ఇక్కడా రద్దు, అక్కడా రద్దు!" అంటూ రాజు తన ముత్యాలహారం తీసి బొప్పన మెడలో వేశాడు. అప్పుడు కొలువు నవ్విన నవ్వుకు కోట కప్పు జానెడు లేచి పడింది!

"ఆ సున్నం గీత కూడా చెరిపించండి ప్రభూ," అన్నాడు బొప్పన. చెరిపించాడు రాజు.

ఆ సాయంత్రం బావి దగ్గర మళ్ళీ పాట లేచింది. గట్టు మీద కూర్చుని బొప్పన ఊ కొట్టాడు.

మేడ మీంచి, ఎవరూ వినరనుకుని కాబోలు, మెల్లగా ఇంకో ఊ వినబడింది.

బొప్పన తలెత్తి చూడలేదు.