పేర్లు మింగిన చిలక

అనగనగా ఒక రాజు. ఆ రాజుకి ముగ్గురు కొడుకులు. పెద్దవాడు శౌర్యవర్మ, కత్తి దూశాడంటే గాలి కూడా పక్కకి తప్పుకునేది. రెండోవాడు విద్యావర్మ, నోరు తెరిచాడంటే పండితులు కూడా కునికిపాట్లు పడేవారు. మూడోవాడు వినోదవర్మ. వీడికి కత్తీ రాదు, శాస్త్రమూ రాదు. వచ్చిందల్లా ఒకటే, కనబడ్డవాళ్లందరికీ పేర్లు పెట్టడం.

సేనాపతి కంటే ఆయన పొట్ట ముందు సభలోకి వస్తుందని ‘ముందడుగు మావయ్య’ అన్నాడు. రాజవైద్యుణ్ణి ‘చేదుమాత్ర’ అన్నాడు. ఆఖరికి కన్నతండ్రి మీసాలనీ వదల్లేదు. రెండూ ఎప్పుడూ కుస్తీ పడుతున్నట్టే ఉంటాయని కుడిదానికి భీముడు, ఎడమదానికి బకాసురుడు అని పెట్టాడు. రాజుగారికి కోపం, రాణిగారికి నవ్వు. "అందరికీ పేర్లు పెడతావే, మరి నీ పేరేంట్రా?" అని దగ్గరికి లాక్కుని, తల నిమిరి, "నా బంగారుకొండ" అనేది రాణి. ఆ పేరు మాత్రం వినోదుడు పైకి పొక్కనిచ్చేవాడు కాదు. పరువు పోదూ మరి!

ఇలా ఉండగా ఒకరోజు రేవులోకి ఓడ వచ్చింది. ఓడవాళ్లు ఒక కబురు తెచ్చారు.

ఏడు సముద్రాల అవతల బూటు ఆకారంలో ఒక దేశముంది, ఇటలీ అంటారు. ఆ బూటు వేళ్లవైపు, దక్షిణాన, అన్నీ కొండలే. అక్కడి రాజు సింహాసనం మీద కూర్చుని విసనకర్ర విసిరించుకునే రాజు కాదు. ఎండలు ముదిరితే కర్ర పట్టుకుని, జనంతోపాటు గొర్రెల్ని కొండ మీది పచ్చికకి తోలుకుపోతాడు. చలి మొదలవగానే దిగి వస్తాడు. వాళ్లకొక ఆచారం ఉంది. మనిషి కొండెక్కితే, ఇంట్లోవాళ్లు రోజూ సాయంత్రం గడపలో నిలబడి ఆ కొండని పేరు పెట్టి పిలుస్తారు. "మావాడు జాగ్రత్త, మళ్లీ మా ఇంటికి పంపించు" అంటారు. కొండ వింటుంది, దారి చూపిస్తుంది. పిలవకపోతే మనిషి మంచుపొగలో తిరిగినచోటే తిరుగుతూ ఉంటాడు.

ఆ కొండల్లో ఒక మాంత్రికుడున్నాడు. వాడి ప్రాణం ఒక చిలకలో ఉంది. ఆ చిలక ఏ పేరు నేర్చుకుంటే ఆ పేరుని లోకం మరిచిపోతుంది. వాడు దానికి మూడు పెద్ద కొండల పేర్లూ నేర్పేశాడు. అంతే, ఊరూరా ఎవరికీ నోటికి రావడంలేదు. రాజుగారు కొండమీదే చిక్కుకుపోయాడు. ఆయన కూతురు సెరాఫీనా గడపలో నిలబడి "ఓ..." అంటుంది, ఆ తర్వాత ఏమనాలో తెలియక ఏడుస్తుంది. పెద్ద మంచు పడేలోగా కొండల్ని పలికించినవాణ్ణి పెళ్లాడతానని చాటించింది.

శౌర్యవర్మ వెళ్లాడు. కొండ మీద కత్తి ఝళిపించి "పలుకుతావా లేదా?" అన్నాడు. కత్తి విరిగింది, ఇంటికొచ్చాడు. విద్యావర్మ వెళ్లాడు. కొండకి ‘సకలశిఖరసార్వభౌమచూడామణి’ అని నామకరణం చేశాడు. కొండ గురకపెట్టింది. ఆయనా ఇంటికొచ్చాడు.

"నేను వెళతాను" అన్నాడు వినోదుడు.

"వెళ్లు నాయనా," అన్నాడు రాజు, భీముణ్ణి మెలేస్తూ. "అక్కడ కొండలకి పెట్టుకో పేర్లు, మాకు కాస్త విశ్రాంతి!"

రాణి మాత్రం గడప దాకా వచ్చింది. వాడి ఓడ చుక్కంతైపోయేదాకా అక్కడే నిలబడింది.

వినోదుడు ఏడు సముద్రాలు దాటాడు. ఎలా దాటాడని మాత్రం అడక్కండి. ప్రతి సముద్రంలోనూ వాంతులే, చెబితే మీకు అన్నం సయించదు.

ఒడ్డున ఒక ముసలి గాడిద ఎండ కాగుతోంది. వినోదుడు దాని చెవులు చూసి, "నమస్కారం మంత్రిగారూ! ఇంత పెద్ద చెవులుంటే రాజ్యంలో గుసగుసలన్నీ వినబడుతుంటాయే!" అన్నాడు.

"వినబడతాయి," అంది గాడిద. "నోట్లో నమిలే మాటలూ వినబడతాయి. ఎక్కు అబ్బాయీ, నీ మొహం చూస్తే నువ్వూ ఆ పెళ్లికొడుకుల బాపతులాగే ఉన్నావు."

గాడిద వాణ్ణి సెరాఫీనా ఇంటికి తీసుకెళ్లింది. ఆమె గడపలో కూర్చుని తండ్రి పాత తోలుకర్రని గుడ్డతో తుడుస్తోంది. కళ్లు ఎర్రబడి ఉన్నాయి. వినోదుడి నాలుక మీదికి ఏదో పేరు రాబోయింది. ఎందుకో మింగేశాడు.

"నువ్వూ కత్తి తెచ్చావా?" అంది.

"లేదు."

"పుస్తకం?"

"లేదు. వాగడం ఒక్కటే వచ్చు."

ఆమె చాలా రోజులకి నవ్వింది. "సరే పద, వాగుడుకాయా. దారి నేను చూపిస్తాను." అమ్మ తర్వాత వినోదుడికి ఎవరైనా పేరు పెట్టడం అదే మొదటిసారి. బాగానే ఉందే అనుకున్నాడు.

ముగ్గురూ మొదటి కొండ కిందికి వెళ్లారు. పైన చెట్టూ చేమా లేకుండా నున్నగా ఉంది. వినోదుడు ఊరుకుంటాడా? "ఓ బోడిగుండూ!" అన్నాడు. అనీ అనగానే దభదభా వడగళ్లు! మంత్రిగారి కడుపు కింద దూరి బతికిపోయాడు.

"నీ తలమీద ఎవరైనా అలా అంటే నువ్వు పలుకుతావా?" అంది సెరాఫీనా.

వినోదుడు బుగ్గలు తడుముకుంటూ ఈసారి నింపాదిగా చూశాడు. కొండ ఒడిలో అప్పుడే పుట్టిన గుర్రప్పిల్లలు కాళ్లు తడబడుతూ లేస్తున్నాయి. పాలు తాగే గొర్రెపిల్లలు, మేకపిల్లలు. గాలి తగలకుండా కొండ వాటికి అడ్డంగా వంగి కూర్చున్నట్టుంది.

"పిల్లలకొండా!" అని పిలిచాడు మెల్లగా.

కొండ కదిలింది. నిద్రలో తల్లి బిడ్డవైపు తిరిగినట్టు, ఇటు తిరిగింది. దారులన్నీ తేటపడ్డాయి. ఎక్కడెక్కడో చిక్కుకున్న కాపర్లు దిగి వచ్చారు. వాళ్లలో రాజు లేడు.

రెండో కొండకి వెళ్లారు. అదంతా అడవే, ఆకాశం కనబడదు. ఒక నల్ల ఉడత వినోదుడి భుజమెక్కి, "కింద నిలబడి చూస్తే నీకేం తెలుస్తుంది? పైకి రా!" అంది. చెట్టెక్కి చూశాడు. కనుచూపుమేర ఒకే పచ్చదనం, గాలి వీస్తే కొండంతా కలిసి ఊపిరి పీల్చినట్టుంది.

"అడవికొండా!"

కొండ ఊపిరి వదిలింది. కొమ్మలు పక్కకి ఒత్తిగిలి దారిచ్చాయి. ఇంకొందరు కాపర్లు వచ్చారు. వాళ్లలోనూ రాజు లేడు. సెరాఫీనా వచ్చినవాళ్లందరి మొహాలూ ఒక్కొక్కటే వెతికింది. వినోదుడు ఆమెవైపు చూడలేక గాడిద చెవి సర్దాడు.

మూడో కొండ దగ్గరికొచ్చేసరికి తెల్లటి మంచుపొగ. కొండ ఎక్కడుందో కూడా తెలియదు. గాలిలో పెద్ద మంచు వాసన వస్తోంది.

"కనబడనిదానికి పేరెలా పెట్టను?" అన్నాడు వినోదుడు.

"పొగ కొండది కాదు, మాంత్రికుడి బెంగది," అంది గాడిద. "ఆయన దగ్గర నేను మూటలు మోశాను. ఆయనకి ఎవరూ లేరు. పిలిచేవాళ్లు లేక, చిలకైనా పిలుస్తుందని తన పేరే మొదట దానికి నేర్పాడు. చిలక నేర్చుకుంది, లోకం మరిచిపోయింది. ఆయనా మరిచిపోయాడు. తనకి లేని పేరు కొండలకెందుకని ఆ తర్వాత వాటివీ లాక్కున్నాడు. ఆ చిలక పేర్లు మింగడమే గాని, పలకగా నేను వినలేదు."

చెవులే దారిగా గాడిద వాళ్లని పొగలోంచి ఒక రాతి గుడిసె దగ్గరికి చేర్చింది. గుమ్మంలో మాంత్రికుడు, భుజం మీద చిలక.

"ఏరా కుర్రోడా, దీని మెడ నులుముదామని వచ్చావా? నులుము! నేనూ పోతాను, పేర్లూ పోతాయి, ఆ గొర్రెల రాజూ మంచులో పోతాడు!" అని పకపకా నవ్వాడు. నవ్వుకి పొగ ఇంకా చిక్కబడింది.

"మెడెందుకు తాతా? చిలకని ఒకసారి పలకరించి పోతాం," అన్నాడు వినోదుడు. "ఇంతకీ దాన్ని ఏమని పిలుస్తావు?"

మాంత్రికుడు తడబడ్డాడు. "చిలకని... చిలకా అంటాను."

"ఎవరికీ పేరు లేని ఇల్లన్నమాట! అయితే నన్ను పెట్టనీ. పెడితే ఏం పోతుంది నీకు?"

"పెట్టుకో, పెట్టుకో. పలికితే గదా!"

"పచ్చిమిరపకాయా!" అన్నాడు వినోదుడు. చిలక ముక్కు మీద పొడిచింది. "ముక్కోపీ!" అన్నాడు. మళ్లీ పొడిచింది. మాంత్రికుడు మళ్లీ నవ్వాడు. సెరాఫీనా నవ్వలేదు. పొగలో మొదటి మంచురేకు వచ్చి ఆమె చేతిమీద వాలింది.

వినోదుడు చిలకని నింపాదిగా చూశాడు. ఎన్నాళ్లుగానో ఎవరూ నిమరని ఈకలు. అందరి పేర్లూ గొంతులో మోస్తూ, తనకొక్కటీ లేని పిట్ట. వాడి చెయ్యి దానంతటదే లేచి దాని తల నిమిరింది. ఎవరికీ చెప్పని పేరు నోట్లోంచి జారిపోయింది.

"నా బంగారుకొండ," అన్నాడు, అచ్చం వాళ్లమ్మలాగే.

చిలక తల వంచింది. కళ్లు మూసుకుంది. ముక్కు తెరిచింది.

పేరుతోపాటు పిలిచిన గొంతునీ మింగినట్టుంది, మొదట వచ్చింది ఒక ఆడమనిషి గొంతు. "గాస్పరినో! ఒరే గాస్పరినో! రొట్టె చల్లారిపోతోంది, ఆటలాపి ఇంటికి రా నాన్నా!"

మాంత్రికుడు గుమ్మంలోనే కూలబడ్డాడు. "అమ్మ... గాస్పరినో... నేనే, నేనే!" అని పసివాడిలా ఏడ్చాడు. పేరు తిరిగొచ్చాక చిలకలోని ప్రాణమూ తిరిగి ఒంట్లోకి చేరింది. ఏడ్చినకొద్దీ పొగ పలచబడింది.

చిలక ఇంకా పలుకుతోంది. "పొల్లీనో! సీలా!"

"అయ్యో!" అంది సెరాఫీనా నోటిమీద చెయ్యి వేసుకుని. "మా మాటలో పొల్లీనో అంటే పిల్లలకొండే! సీలా అంటే అడవికొండే! నువ్వు కొత్త పేర్లు పెట్టలేదు వాగుడుకాయా, పాతవాటినే పిలిచావు!"

"అస్ప్రోమోంతే!" అంది చిలక. తెల్లకొండ. అది చివరిది.

సెరాఫీనా చుట్టూ చూసింది. ఇంటిమనిషి కోసం పిలవాలంటే గడప కావాలి. గాస్పరినో కళ్లు తుడుచుకుని పక్కకి జరిగి, తన గడప ఆమెకిచ్చాడు. ఆమె అక్కడ నిలబడి గొంతెత్తింది.

"అస్ప్రోమోంతే! మా నాన్నని ఇంటికి పంపించు!"

పొగ చీలింది. తెల్లటి కొండ మొహం చూపించింది. దానిమీద తెల్లటి దారి, దారి నిండా తెల్లటి గొర్రెలు, గొర్రెల వెనక తెల్లటి గడ్డంతో ఒక ముసలాయన. "ఇన్ని రోజులు పిలవలేదేమే పిచ్చిపిల్లా?" అంటూ వస్తున్నాడు. సెరాఫీనా పరిగెత్తింది. వినోదుడు మంత్రిగారి మెడలో మొహం దాచుకున్నాడు. ఏడవలేదట, గాడిద వెంట్రుకలు కళ్లలో పడ్డాయట.

పెళ్లి ఘనంగా జరిగింది. గాస్పరినోకి ప్రతి ఇంట్లోనూ రొట్టె వేడివేడిగా దొరికేది. చిలక ఇక పేర్లు మింగడం మానేసి, సాయంత్రాలు కొండల్ని పిలవడంలో అందరికీ సాయం చేసేది.

పెళ్లయ్యాక వినోదుడు భార్యతో, గాడిదతో ఏడు సముద్రాలూ మళ్లీ దాటాడు. రేవు చేరేసరికి సాయంత్రమైంది. కోట గడపలో రాణి నిలబడి ఉంది. వాడు వెళ్లిన రోజునుంచీ ఆ వేళకి అక్కడే నిలబడి, సముద్రంవైపు చూసి, "నా బంగారుకొండా, ఇంటికి రా" అని పిలుస్తూనే ఉందట. ఏ ఆచారం తెలిసి? ఏదీ కాదు. అమ్మ కాబట్టి.

ఓడ దిగుతూనే వినోదుడు అందరి ముందూ, సేనాపతి ముందూ, వైద్యుడి ముందూ, భీముడి ముందూ బకాసురుడి ముందూ గట్టిగా అరిచాడు.

"వచ్చేశానమ్మా! నీ బంగారుకొండ వచ్చేసింది!"

ఆ తర్వాత వాళ్లు ఎండాకాలం అక్కడా, చలికాలం ఇక్కడా ఏలుకుంటూ, తలలు మూడో కొండలా తెల్లబడేదాకా హాయిగా బతికారు. కథ కొండ దిగింది. దీపం కొండెక్కకముందే మీరూ మంచమెక్కండి.